తీగె కట్టని మనిషి

ఒక ముసలాయనకు చెప్పాల్సిన మాటను రెండేళ్ళ పాటు చెప్పకుండా దాచాను. "మీ నాన్న ఆ తీగె కట్టలేదు." అంతే ఆ మాట. ప్రతి శనివారం ఉదయం మా అమ్మాయి రైడింగ్ క్లాసు అయ్యేదాకా ఆయనకు పదడుగుల దూరంలో కూర్చుని కాఫీ తాగేవాణ్ణి. ఎండల గురించీ, గడ్డి గురించీ మాట్లాడేవాణ్ణి. ఆ మాట మాత్రం నోట్లోంచి రాలేదు.

మా తెలుగు సంఘం సావనీర్‌లో నా వ్యాసం చదివినవాళ్ళ కోసం కూడా ఇది రాస్తున్నాను. దాని పేరు "అరవై గుర్రాల కాళ్ళు". చదివి కళ్ళు తుడుచుకున్నామని చాలామంది అన్నారు. ఆ వ్యాసానికి ప్రాణమైన వాక్యమే అబద్ధం. రాసేటప్పుడు అబద్ధమని తెలియదు. అచ్చుకు పోయేముందు తెలిసింది. అయినా పోనిచ్చాను.

మేముండేది అమెరికాలో, అరిజోనా రాష్ట్రంలోని చాండ్లర్‌లో. నేను కంప్యూటర్ చిప్పుల ఫ్యాక్టరీలో ప్రాసెస్ ఇంజినీరుని. తల నుంచి కాలి దాకా తెల్ల సూటు తొడుక్కుని, గాలిలో దుమ్ము కణం ఎక్కువైతే కంగారుపడే ఉద్యోగం. అలాంటివాణ్ణి వారానికోసారి పేడ వాసనలో, గడ్డి దుమ్ములో కూర్చోబెట్టింది మా అమ్మాయి. పదకొండేళ్ళప్పుడు కూచిపూడి మానేసి గుర్రపుస్వారీ నేర్చుకుంటానంది. మా ఆవిడ నెల రోజులు పోట్లాడి ఓడిపోయింది.

ఇళ్ళ కాలనీలు అయిపోయి పశుగ్రాసం చేలు మొదలయ్యే చోట ఉండేది ఆ గుర్రపుశాల. గేటు మీద చెక్క బోర్డు, దాని మీద ఒక మనిషి పేరు. అది యజమాని పేరు కాదు, యజమాని తండ్రిది. యజమానికి ఎనభై దాటాయి. నడుం వంగలేదు కానీ చెవులు దాదాపుగా పోయాయి. వినికిడి మిషన్లు చెవుల్లో కంటే చొక్కా జేబులోనే ఎక్కువగా ఉండేవి. పెట్టుకుంటే ఫ్యాన్ల మోత తప్ప ఏమీ వినపడదనేవాడు. ఆయనతో ఏం మాట్లాడాలన్నా దగ్గరకు వెళ్ళి అరవాల్సిందే.

పెద్దాయన తండ్రి తొలినాటి కౌబాయ్ సినిమాలకు గుర్రాల బాగోగులు చూసినవాడు. కెమెరా ముందు హీరో దౌడు తీసే గుర్రానికి మేత పెట్టి, కడిగి, జీను కట్టి తెచ్చి ఇచ్చేవాడు. తెర మీద ఆయన పేరు ఎప్పుడూ పడలేదు.

ఒక శనివారం పెద్దాయన నా పక్కన వచ్చి కూర్చున్నాడు.

"ఇంజినీర్, నీ దగ్గర క్యాసెట్ ప్లేయర్ ఉందా?"

"ఉంది సర్. పాత పాటల క్యాసెట్లు ఇంకా పారేయలేదు," అని అరిచాను.

చొక్కా జేబులోంచి ఒక క్యాసెట్ తీశాడు. దాని మీద పెన్సిల్‌తో "నువ్వడిగిన దానికి" అని రాసి ఉంది. తండ్రి చనిపోయే ఏడాది మాట్లాడి, రికార్డు చేసి ఇచ్చాడట. ఒక్కసారి కూడా వినలేదన్నాడు.

"చెవులున్నప్పుడు ధైర్యం లేదు. ఇప్పుడు ధైర్యం వచ్చింది, చెవులు లేవు."

"పిల్లలకు స్వారీ నేర్పే మీ ట్రైనర్ ఆవిడను వినమనొచ్చుగా?"

"ఇక్కడ పనిచేసేవాళ్ళకివ్వను. విన్నాక రోజూ నా మొహంలోకి చూస్తారు. నువ్వు బయటివాడివి. విని, నేను చదువుకునేలా కాగితం మీద రాసిపెట్టు."

ఆయనకు పదిహేడేళ్ళప్పుడు ఊళ్ళో ఎవడో అన్నాడట, సినిమాల కోసం గుర్రాలను చంపింది మీ నాన్నే కదా అని. ఇంటికెళ్ళి తండ్రిని అడిగాడు. తండ్రి జవాబు చెప్పకుండా లేచి గుర్రాలకు గడ్డి వేయడానికి వెళ్ళిపోయాడు. ఆ తర్వాత వాళ్ళిద్దరూ కలిసి ఎన్నో ఏళ్ళు పనిచేశారు. ఆ ప్రశ్న మాత్రం మళ్ళీ రాలేదు.

"పని ఎలా ఉండేదో నాకు తెలుసు. నాకు కావాల్సింది ఒక్కటే. తీగె కట్టింది ఆయనేనా, కాదా?"

ఏం తీగె అని అడిగాను. గడ్డి మోపుకు కట్టిన పురికొస ఒకటి తీసి నా రెండు మణికట్లకూ కట్టాడు. దాన్ని నా బెల్టు కిందుగా పోనిచ్చి, రెండో కొస తాను పట్టుకుని వెనక్కి వెళ్ళాడు. "ఇప్పుడు చేతులు ముందుకు చాచు," అన్నాడు. చాచాను. ఒక్కసారి లాగాడు. చేతులు రెండూ పొట్టలోకి వచ్చి కొట్టుకున్నాయి, నేను ముందుకు తూలాను.

"అదీ. గుర్రానికైతే ముందు కాళ్ళు. అది నిలబడి ఉండదు, దౌడులో ఉంటుంది."

క్యాసెట్‌ను ఇంట్లో ఫోన్‌లోకి ఎక్కించుకుని ఆఫీసుకు డ్రైవ్ చేస్తూ విన్నాను. ఆఫీసు మీటింగుల రికార్డింగులు ఒకటిన్నర స్పీడులో వినడం నాకు అలవాటు. దీన్నీ అలాగే విన్నాను. నలభై నిమిషాల మనిషి ఇరవై ఏడు నిమిషాల్లో అయిపోయాడు.

మాటలు నములుతూ మాట్లాడే గొంతు, వెనక గాలి హోరు. పని గురించి చాలా చెప్పాడు. పొద్దు పొడిచేలోగా నలభై గుర్రాలకు మేత పెట్టి, నీళ్ళు మోసి, జీన్లు కట్టి వరసగా నిలబెట్టాలి. మంచి వెలుతురులో ఒక్క నిమిషం పోయినా డైరెక్టరు బూతులు తిడతాడు. హీరోది తెల్ల గుర్రం. అది కుంటిన రోజున ఇంకో గుర్రానికి సున్నం పూసి తెల్లగా చేసేవారు. చెమటకు కారిపోతే మళ్ళీ పూసేవారు. సున్నానికి దాని చర్మం పొక్కిపోయేది. తుపాకీ మోతకు బెదరకుండా చెవుల్లో దూది కుక్కేవారు. హడావుడిలో తీయడం మరిచిపోతే లోపల చీము పట్టేది. ఇవన్నీ రాత్రిపూట కడిగి, మందు రాసి, పొద్దున మళ్ళీ నిలబెట్టాలి.

యుద్ధం సీను ఉన్న రోజు పని వేరు. గుర్రం కెమెరా కోసం తనంతట తాను పడదు, పడేయాలి. ముందు కాళ్ళకు తోలు పట్టీలు వేసి, వాటికి పియానో తీగెంత సన్నటి ఉక్కు తీగె కట్టేవారు. అది పొట్ట కింది రింగులోంచి పోయి, వెనకెక్కడో నేలలో పాతిన దుంగ దాకా ఉండేది. తెర మీద కనపడదు. తీగె నిడివి ఎక్కడ అయిపోతుందో గుర్రం మీద ఉన్నవాడికి తెలుసు, దూకడానికి కాచుకుని ఉంటాడు. గుర్రానికి తెలియదు.

కొన్ని లేచేవి. లేవని వాటి దగ్గరకు, కెమెరా ఆగాక, తుపాకీ తీసుకుని నడిచి వెళ్ళడం కూడా గుర్రాలు చూసేవాడి పనే. లేచినవీ మళ్ళీ పనికొచ్చేవి కావు. ఒకసారి అలా పడ్డ గుర్రం ఇక దౌడు తీయదు, కాలు ఎక్కడ లాక్కుపోతుందోనని నేలను చూసుకుంటూ అడుగేస్తుంది. అందుకని ఎప్పటికప్పుడు కొత్త గుర్రాలు తెచ్చేవారు.

ఆ తర్వాత వచ్చింది ఆ వాక్యం. ఒక వేసవిలో అరవై గుర్రాలను బ్రేక్ చేశానన్నాడు. బ్రేక్ చేయడం గురించీ, పూడ్చిపెట్టడం గురించీ, తీగె కట్టడం గురించీ ఒకే ఊపిరిలో ఏదో అన్నాడు. సరిగ్గా అప్పుడే ఫ్రీవే మీద నా పక్కనుంచి పెద్ద ట్రక్కు పోయింది, ఆ తర్వాతి మాటలు ఆ మోతలో కలిసిపోయాయి. వెనక్కి తిప్పి మళ్ళీ వినలేదు. విన్నది చాలనిపించింది.

ఆఫీసులో యంత్రం చెడిపోతే రాసే రిపోర్టు లాంటిది నాలుగు పేజీలు రాశాను. పెద్దాయన కళ్ళకు ఆనేలా పెద్ద అక్షరాలు పెట్టాను. మొదటి పేజీలోనే ప్రశ్న, దాని కింద జవాబు. తీగె కట్టింది ఆయనేనా? అవును. ఒక్క వేసవిలో అరవై గుర్రాల కాళ్ళు విరగ్గొట్టి పూడ్చిపెట్టానని ఆయనే చెప్పారు.

పెద్దాయన గడ్డి మోపు మీద కూర్చుని చదివాడు. మొదటి పేజీ దాటలేదు.

"ఆయనే అన్నాడా? ఈ మాటే?"

"ఆయన మాటే సర్."

"అరవై," అన్నాడు. ఎదురుగా కొట్టంలో ఉన్న ముసలి ఆడగుర్రం వైపు కాసేపు చూశాడు. క్యాసెట్ ఇవ్వబోతే తీసుకోలేదు. "నువ్వే ఉంచుకో. లేకపోతే పారెయ్."

తర్వాతి శనివారం వెళ్ళేసరికి గేటు మీద బోర్డుకు తెల్ల రంగు వేసి ఉంది. రెండు పూతలు వేసినట్టున్నాడు, పేరు జాడ కూడా లేదు. లోపల గోడ మీద ఎప్పుడూ వేలాడే తండ్రి జీను లేదు. ట్రైనర్ ఆవిడ, యాభై ఏళ్ళ మనిషి, నన్ను పక్కకు పిలిచింది.

"ఆ జీను ట్రాలీలో వేసుకుని తనే చెత్త డంప్‌కి తీసుకెళ్ళి పడేశాడు. నన్ను ముట్టుకోనివ్వలేదు. ఏం జరిగిందో నీకేమైనా తెలుసా?"

తెలియదన్నాను. ఆ రోజు నేను రాసింది నిజమనే నమ్మాను. ఒక మనిషికి కష్టమైన నిజం చెప్పగలిగానని లోపల కొంచెం గొప్పగా కూడా అనిపించింది. ఆ గొప్పతోనే ఆ నెలలో మిత్రుల ఇంట్లో, తలా ఒక వంటకం తెచ్చుకునే పాట్‌లక్‌కి వెళ్ళాను.

"ఏందన్నా, చిప్పులు బంద్ పెట్టి గుర్రాల మీద పడ్డవట?" అన్నాడు ఆ ఇంటాయన. వరంగల్ మనిషి, నన్ను ఎప్పుడూ అన్నా అనే పిలుస్తాడు.

"ఎక్కడం కూడానా! పక్కన కుర్చీ వేసుకుని కాఫీ తాగుతారు," అంది మా ఆవిడ.

"అట్లనా? అయితే కౌబాయ్ కాదు వదినా, కాఫీబాయ్!"

అందరూ నవ్వారు. నేను టేపు కథ మొదలుపెట్టాను. తీగె, దుంగ, తుపాకీ, అరవై. ఒకావిడ పిల్లల్ని పక్క గదిలోకి పంపింది. సంఘం సావనీర్ చూసే ఆవిడ నా పక్కకు వచ్చి కూర్చుంది.

"ఇది మాకు రాసివ్వండి, ప్లీజ్. ప్రతి ఏడాదీ అమ్మ చేతి వంట మీదే పది వ్యాసాలు వస్తున్నాయండీ. వేసుకోలేక చస్తున్నాను."

వారంలో రాసిచ్చాను. అంత తేలిగ్గా నేనెప్పుడూ ఏదీ రాయలేదు.

నిజం తెలిసింది మార్చిలో. ట్రైనర్ ఆవిడ ఒక గోధుమరంగు గుర్రాన్ని నడిపించుకుంటూ వచ్చింది. కొత్తది, చెవులు నిక్కబెట్టుకుని చూస్తోంది. మా అమ్మాయి దాని మెడ నిమిరింది.

"చూశావా ఎంత నెమ్మదో? పోయిన నెల నేనే బ్రేక్ చేశాను దీన్ని," అంది ఆవిడ.

నేను వంగి గుర్రం కాళ్ళ వైపు చూశాను.

"నాన్నా, లెగ్స్ ఎందుకు చూస్తున్నావ్?"

"బ్రేక్ చేశానంది కదమ్మా ఆవిడ."

మా అమ్మాయి పొట్ట పట్టుకుని నవ్వింది. "ఓ మై గాడ్, నాన్నా! బ్రేక్ అంటే ట్రెయిన్ చేయడం. సాడిల్ వేస్తే ఊరుకుంటుంది, మనం ఎక్కితే భయపడదు. అదీ బ్రేక్ చేయడం అంటే. నీకు తెలీదా? సీరియస్‌లీ?"

"తెలుసులే. జోక్ చేశాను," అన్నాను.

పెద్దాయన కొంచెం దూరంలో బకెట్‌లో నీళ్ళు పడుతున్నాడు. ఆయనకు ఏదీ వినపడలేదు.

మర్నాడు మధ్యాహ్నం గ్యారేజ్‌లో కూర్చుని క్యాసెట్ పెట్టాను. ఈసారి అది నడవాల్సిన వేగంతోనే నడిచింది. ఆ ఒక్క చోటు పదకొండు సార్లు విన్నాను. ఒక్కో మాటా ఆపి కాగితం మీద రాసుకున్నాను. తెలుగులో చెప్పాలంటే ఆయన అన్నది ఇది:

"ఆ వేసవిలో అరవై గుర్రాలను మాలిమి చేశాను. ఒక్కోదానికి ఆరు రోజులు. కొట్టలేదు, మాట్లాడుతూ చేశాను. ఎటు పొమ్మంటే అటు పోయేవి. అందుకే తీగె ఆఖరి దాకా అంత ధైర్యంగా పరిగెత్తేవి. నన్నూ కట్టమన్నారు. మాలిమి చేస్తాను, చచ్చినవాటిని పూడ్చిపెడతాను, తీగె మాత్రం కట్టనన్నాను. కట్టినవాడికి వాటి పేర్లు తెలియవు. నాకు తెలుసు. నువ్వడిగిన రోజు ఎందుకు చెప్పలేదంటే, కట్టలేదని చెబితే నేను మంచివాణ్ణనుకుంటావు. అలా అనుకోవడం నాకిష్టం లేదు."

కట్టనన్నాను అనే చోట ఇంగ్లీషులో ఆయన వాడిన మాట "వుడంట్". దాని తోకను మింగేశాడు. నాకు "వుడ్" అని వినపడింది. ఒక మాటకు అర్థం తెలియక, తర్వాతి మాటను ఆ తెలియనితనానికి సరిపోయేలా విన్నాను. అరవై గుర్రాల కాళ్ళు విరిచినవాడు తీగె కట్టకుండా ఎలా ఉంటాడు? అందుకని కట్టాడనే విన్నాను.

మనకు మాలిమి అనే మాట ఉంది. పిల్లిని, ఆవుదూడను, పక్కింటి పసిపాపను కూడా మాలిమి చేసుకుంటాం. ఆ మాటలో దెబ్బ లేదు. ఇంగ్లీషులో అదే పనికి విరవడం అనే మాట వాడతారని నాకు తట్టలేదు. కానీ మాట తెలియకపోవడం కాదు నా తప్పు. అది ఒక మధ్యాహ్నంతో అయిపోవాల్సింది. లేచి కారెక్కితే గుర్రపుశాల పావుగంట దూరం.

వెళ్ళలేదు. ఎందుకు వెళ్ళలేదో చెప్పాలంటే ఇంకో సంగతి చెప్పాలి. నేను ఈ దేశం వచ్చిన కొత్తలో మీటింగులో మా మేనేజర్ ఒక విషయాన్ని టేబుల్ చేద్దామన్నాడు. మనకు టేబుల్ చేయడమంటే చర్చకు పెట్టడం. నేను స్లైడ్లు తెరిచి పది నిమిషాలు మాట్లాడాను. ఇక్కడ దాని అర్థం పక్కన పెట్టేద్దామని. పన్నెండు మంది నవ్వు ఆపుకుంటూ విన్నారు. వారం రోజులు ఎవరెదురైనా "ఇది టేబుల్ చేద్దామా?" అనేవాళ్ళు. ఆనాటి నుంచి ఇంగ్లీషు నుడికారాలు ఒక ఫైల్లో రాసుకుని బట్టీ పట్టాను. కొత్తగా చేరిన మన కుర్రాళ్ళ ఈమెయిళ్ళు దిద్దేవాణ్ణి. ఇరవై ఏళ్ళు అలా కట్టుకున్న పరువు అది. బ్రేక్ అనే మాట ఆ ఫైల్లో లేదు. రెండో తరగతి పిల్లవాడికి తెలిసిన మాటను ఎవరు రాసుకుంటారు?

అదే వారంలో సావనీర్ ఆవిడ చివరి ప్రూఫ్ పంపింది. "ఒక్కసారి చూసి ఓకే చెప్పండి. రేపు ప్రెస్‌కి పంపేస్తున్నాం," అని మెసేజ్. అరగంట ఆ వాక్యం వైపే చూశాను. ఓకే అని కొట్టాను.

తర్వాత రోజులు గడిచాయి. మొదట, వచ్చే శనివారం చెబుదామనుకున్నాను. ఆ తర్వాత, ఇన్నాళ్ళు ఎందుకు చెప్పలేదని అడుగుతాడని ఆగాను. ఆగిన ప్రతి వారం ఆ ప్రశ్న ఇంకొంచెం బరువెక్కింది. ఉత్తరం రాశాను, చింపేశాను. ఆయనే మరిచిపోయి ఉంటాడని నాకు నేను చెప్పుకున్నాను.

ఆయన మరిచిపోలేదు. ఒకరోజు ట్రైనర్ ఆవిడ మాటల్లో అంది, "ఇదివరకు కొత్త గుర్రం వస్తే మొదటి వారం తనే చూసుకునేవాడు. ఇప్పుడు ముట్టుకోడు. అడిగితే, ఈ పని మా నాన్న దగ్గర నేర్చుకున్నాను, ఇక నాకొద్దంటాడు." ఆ మాట విన్నాక గమనించాను. పెద్దాయన నీళ్ళు పట్టేవాడు, గడ్డి వేసేవాడు, పేడ ఎత్తేవాడు. గుర్రం తల ఆయన భుజం మీదికి వాలితే పక్కకు జరిగేవాడు. ఆయనకు యాభై ఏళ్ళకు పైగా తెలిసిన పని అది. దాన్ని ఆయన చేతుల్లోంచి తీసేసింది నా నాలుగు పేజీలు. అది కళ్ళారా చూసి కూడా ఇంకో ఏడాది శనివారాలు గడిపాను.

పోయిన అక్టోబరులో గుర్రపుశాల మూసేశారు. స్థలం ఇళ్ళ కంపెనీకి ఇచ్చేశాడు. గుర్రాలు ఒకటీ రెండుగా వేరే చోట్లకు వెళ్ళిపోయాయి. పెద్దాయన టెక్సాస్‌లో కూతురి దగ్గరకు వెళ్తున్నాడు. ఆఖరి శనివారం పిల్లలూ తల్లిదండ్రులూ అందరం చేరాం. గుర్రాలు కట్టే బార్న్‌లో బల్లల మీద పిజ్జా పెట్టెలు, మూలన అమ్మకానికి పెట్టిన కళ్ళేలు, దుప్పట్లు. మా అమ్మాయి ఖాళీ అయిన కొట్టాల ముందు ఫొటోలు తీస్తోంది.

పెద్దాయన నన్ను చేయూపి పిలిచాడు. మొహం మొహం దగ్గరగా పెట్టి, చెవిటివాళ్ళు తమ గొంతు ఎంతుందో తెలియక మాట్లాడినట్టు గట్టిగా అడిగాడు.

"ఇంజినీర్, నువ్వు ఆయన గొంతు విన్నావు. నేను విని నలభై ఏళ్ళయింది. అదంతా చెబుతున్నప్పుడు ఆయన బాధపడుతున్నట్టు ఉందా?"

పక్కనున్నవాళ్ళు మా వైపు తిరిగారు. లేదు సర్ అనొచ్చు. ఉంది సర్ అని, ఆయన్ను కొంచెం ఓదార్చి పంపించినా ఎవరూ నన్నేమీ అనరు. ఆయన నా పెదవులనే చూస్తున్నాడు.

"ఆయన కట్టలేదు," అన్నాను.

"ఏంటి?"

"ఆయన తీగె కట్టలేదు."

జేబులోంచి వినికిడి మిషన్ తీసి పెట్టుకున్నాడు. అది కీచుమంది. "గట్టిగా చెప్పు."

"మీ నాన్న తీగె కట్టలేదు సర్!"

ఫొటో తీస్తున్న మా అమ్మాయి ఫోన్ దించింది.

"నువ్వే రాశావుగా, కట్టాడని."

"తప్పు రాశాను! ఆయన గుర్రాలను మాలిమి చేశారు. తీగె కట్టమంటే కట్టనన్నారు. టేపులో అదే ఉంది!"

"నీకెప్పుడు తెలిసింది?" అన్నాడు.

"రెండేళ్ళయింది."

"రెండు వారాలా?"

తల ఊపితే సరిపోయేది. రెండు వారాలంటే క్షమించదగ్గ ఆలస్యం. ఆ ఒక్క క్షణం నిజంగానే తల ఊపబోయాను. మా అమ్మాయి నన్నే చూస్తోంది.

"వారాలు కాదు. రెండేళ్ళు! రెండేళ్ళు సర్!"

"రెండేళ్ళు," అన్నాడాయన. "ఆయన జీను డంప్‌లో పడేశాను."

"తెలుసు సర్."

"ఎందుకు చెప్పలేదు?"

ఆఫీసులోనూ, ఇంట్లోనూ ఎవరి ముందూ ఎప్పుడూ ఒప్పుకోనిది ఇప్పుడు అందరి ముందూ అరిచి చెప్పాలి. మెల్లగా చెబితే ఆయనకు వినపడదు.

"బ్రేక్ అన్న మాటకు అర్థం నాకు తెలియదు సర్! విరగ్గొట్టడం అనుకున్నాను. తర్వాత తెలిసింది. తెలియలేదని చెప్పుకోవడానికి సిగ్గేసింది. నా సిగ్గు కోసం మీకు మీ నాన్నను లేకుండా చేశాను."

ఆయన మిషన్‌ను వేలితో చెవిలోకి నొక్కుకుంటూ ఇంకా నా నోటి వైపే చూస్తున్నాడు. ఎంతవరకు విన్నాడో తెలియలేదు. ఇంకా దగ్గరగా వెళ్ళాను.

"క్షమించండి," అన్నాను.

"వినపడలేదు," అన్నాడు.

"నన్ను క్షమించండి సర్," అని బార్న్ ఆ చివర ఉన్నవాళ్ళకు కూడా వినపడేలా అరిచాను.